మా ఇంట్లో ఏ లోటూ లేదు సార్

ప్రభువునందు ప్రియమైన సహోదరులారా, సహోదరీలారా, మీ అందరికీ నా వందనాలు. నా పేరు మునెమ్మ. మాది ఏర్పేడు పక్కన పల్లె. ఆడుండే పెద్ద కాలేజీ వంటశాలలో కూరగాయలు తరిగే పని చేస్తాను. మైకు పట్టుకోవడం నాకు చేతకాదు, చెయ్యి వణుకుతా ఉండాది, మీరే చూస్తా ఉండారు, ఏమీ అనుకోవద్దండి. మీ పాస్టరయ్య "నీ మాటల్లోనే చెప్పమ్మా" అన్నాడు కాబట్టి మా పల్లె మాటల్లోనే చెబుతాను.

ముందే ఒక సంగతి చెప్పేస్తాను, తర్వాత మీరు నొచ్చుకోకూడదు. సాక్ష్యం అంటే జబ్బు పోయింది, తాగుడు పోయింది, జైలు తలుపులు తెరుచుకున్నాయి అని వింటాము గదా. నా తమ్ముడు శేఖరు జైల్లోనే ఉండాడు, రేపు కూడా ఆడనే ఉంటాడు. వాడు ఏ పాపం ఎరగడని చెప్పడానికి నేను రాలేదు. ఇద్దరు పెద్దవాళ్ళ ప్రాణం పోయిన చోట వాడుండాడు, వాడి చెయ్యి కూడా ఉండాది. అయినా నేను ఈడ నిలబడి దేవుణ్ణి స్తుతిస్తా ఉండానంటే, వాడి మీద పడిన ఉరిశిక్ష పక్కకు పోయింది కాబట్టి. ఆ ఉరి అనే మాట మా ఇంట్లోకి ఎట్లా వచ్చి కూర్చునిందో, ఎవరి నోటితో లేచి పోయిందో చెబుతాను, ఓపిక చేసుకుని వినండి.

శేఖరు చిన్నప్పటినుంచి మా ఊరి దాపున ఇటుక బట్టీలో పని చేసేవాడు. బట్టీ ఓనరు కొడుకు వాణ్ణి చేరదీసి, బండి తోలడం నేర్పించి, తన పాత చొక్కాలిచ్చి, యాడికి పోయినా వెంట తిప్పుకునేవాడు. మావాడికి ఆ అబ్బాయి మాటంటే మాటే. ఆ అబ్బాయి పేరు నేను చెప్పను, ఆయన కూడా ఒక తల్లి బిడ్డే గదా. తిరుపతిలో ఒక సందులో రిటైరైన టీచర్లు, మొగుడూ పెళ్ళాం, ఇద్దరే ఉండేవాళ్ళు, మిద్దె మీద గది కట్టుకోవడానికి ఈ బట్టీ ఇటుకలే తోలించుకున్నారు, ఆ ఇంట్లో నగలుండాయని ఓనరు కొడుకు కనిపెట్టినాడు. ఆ అబ్బాయీ మావాడూ కలిసి ఆ ఇంటికి పోయినారు. బెదిరించి తెచ్చుకుందామని పోయినోళ్ళు ఆ పెద్దాయన కేక పెట్టేసరికి... ఆ తర్వాత జరిగింది నేను ఈ పరిశుద్ధ స్థలంలో చెప్పలేను. ఆ ఇద్దరూ మిగల్లేదు. వీళ్ళిద్దరూ దొరికినారు.

కేసు నడిచినన్ని రోజులూ మా నాయన తల మీద తువ్వాల కప్పుకుని బస్సెక్కేవాడు. మా అమ్మ అప్పటికే పోయింది, "అదే మేలు" అని ఆయన ఒకసారి అన్నాడు. నేరం రుజువైందని జడ్జిగారు చెప్పిన రోజే, మధ్యాహ్నం మల్లా కోర్టు కూర్చుంటాది, శిక్ష గురించి చెప్పుకునేదేమైనా ఉంటే చెప్పుకోవచ్చు అన్నారు. ఓనరు కొడుకు తరపున హైదరాబాదు నుంచి వచ్చిన వకీలు లేచినాడు. ఆ అబ్బాయి చదివిన కాలేజీ వాళ్ళు చెప్పిన మంచి మాటలు, మనసు డాక్టరు రాసిచ్చిన కాగితం, చిన్నప్పుడు వాళ్ళ పెదనాయన చనిపోతే ఆ బిడ్డ ఎంత కుమిలిపోయినాడో, ఇప్పుడు ఎంత పశ్చాత్తాపపడతా ఉండాడో, అన్నీ చదివి వినిపించినాడు. నాకే కళ్ళల్లో నీళ్ళు తిరిగినాయి, అబద్ధమెందుకు చెప్పాల?

మావాడి తరపున ప్రభుత్వం పెట్టిన వకీలు. పాపం మంచాయనే, ఆయన చేతిలో ఎన్ని కేసులో. ఆయన వెనక్కి తిరిగి మా నాయనను చూసి, "పెద్దాయనా, పిల్లోడు చిన్నప్పుడు ఏమైనా కష్టాలు పడినాడా, జబ్బూ జాడ్యం ఏమైనా ఉండాదా, జడ్జిగారికి చెప్పుకో" అన్నాడు. మా నాయన లేచి, తువ్వాల తీసి చంకలో పెట్టుకుని, నిటారుగా నిలబడి, "మా ఇంట్లో ఏ లోటూ లేదు సార్. రాజా మాదిరి పెంచినాము" అన్నాడు.

నేను ఆయన పక్కనే కూర్చోనుండాను. ఆ మాట అబద్ధమని నాకు తెలుసు. మా నాయనకు తెలుసు. బోనులో తలొంచుకుని నిలబడిన శేఖరుకు తెలుసు. ముగ్గురం గమ్మున ఉండినాము.

ఓనరు కొడుక్కి యావజ్జీవం పడింది. మావాడికి ఉరి. అన్నీ ఉండి, ఏ లోటూ లేకుండా పెరిగి, ఆశతో ఈ పని చేసినాడు, ఇతను మారతాడని చెప్పడానికి కోర్టు ముందు ఏ కారణమూ కనబడలేదు అని తీర్పులో రాసినారంట. పోయింది ఒకే ఇంటికి, చేసింది ఒకే పాపం, నిలబడింది ఒకే బోను. నేను ఇంగ్లీషు రాని దాన్ని, నాకు అర్థమైంది ఇంతే: ఒకని గురించి చెప్పేవాళ్ళుండారు, ఇంకొకని గురించి చెప్పాల్సినోళ్ళు పరువు కాపాడుకున్నారు.

సహోదరులారా, ఆ రోజునుంచి మా ఇంట్లో భయం కాపురం పెట్టింది. సెషన్సు కోర్టు ఉరి వేసినా హైకోర్టు ఖాయం చేసిన తర్వాతే ముందుకు పోతాదని వకీలు చెప్పినాడు, కానీ ఆ మాట మా చెవికెక్కలేదు. కొత్త నంబరు నుంచి ఫోను మోగితే నేను ఎత్తేదాన్ని కాదు. పొద్దున్నే ఎవరైనా తలుపు కొడితే మా నాయన మంచం కింద చెప్పుల కోసం తడుముకుంటా, "కడప నుంచేనా? కడప నుంచేనా?" అనేవాడు. కడప జైల్లో పెట్టినారు వాణ్ణి. చూడ్డానికి పోతే ఇనప జాలీ అవతల నిలబడి నన్ను వాడు అడిగిన మొదటి మాట ఏమి తెలుసా? "అక్కా, వాళ్ళు ముందుగా చెబుతారా, లేకుంటే పొద్దున్నే వచ్చి లేపుకుని పోతారా?" నేనేం చెప్పేది? "నీకేం కాదురా" అన్నాను. వాడు నమ్మలేదు. నేనూ నమ్మలేదు.

ఇంకోసారి పోయినప్పుడు వాడు మనిషి సగమైపోయినాడు. లోపల ఎవరో చెప్పినారంట, ఉరి వేసే ముందు మనిషిని తూకం వేస్తారని. ఆ వారంలో జైలు డాక్టరు అందరినీ మామూలుగా చూసేదానికి వచ్చి, తూకం మిషను ఎక్కమన్నాడంట. మావాడు దాని మీద నిలబడలేక, ఆ మిషను మీదే బట్టలు తడుపుకున్నాడంట. "తూకం వేసినారక్కా నన్ను" అని అదే మాట మల్లా మల్లా చెప్పినాడు. వంటశాలలో రోజూ కూరగాయలు తూకం వేసి తీసుకునే పని నాది. ఆ తర్వాత చాన్నాళ్ళు ఆ కాటా ముందర నిలబడలేకపోయినాను. వంకాయలు పెడతా ఉంటే చెయ్యి వెనక్కి వచ్చేసేది.

మొక్కని దేవుడు లేడు. అలిపిరి దగ్గర మొదలుపెట్టి మెట్టు మెట్టుకూ పసుపు కుంకుమ పెట్టుకుంటా కొండెక్కినాను. ఆ కొండను నేను ఈ రోజు తక్కువ చేసి మాట్లాడను, మా అమ్మ బతికినన్నాళ్ళు శనివారం ఒక్కపొద్దు ఉన్న మనిషి. నా భయం మాత్రం దిగలేదు, అంతే. వంటశాలలో నాతో ఉల్లిపాయలు తరిగే ఎస్తేరక్క ఒకరోజు, "మునెమ్మా, నీ కన్నీళ్ళు ఉల్లిపాయలవి కాదని నాకు తెలుసు, ఆదివారం నాతో రా" అని పిలిచింది. వాళ్ళది రేకుల షెడ్డు సంఘం. ఎండాకాలం లోపల కూర్చుంటే మనిషి ఉడికిపోతాడు.

అక్కడ నేను మొదటిసారి సాక్ష్యం అనేది విన్నాను. ఒక ఆడమనిషి లేచి, తన మొగుడు తనను ఎట్లా తన్నేవాడో, తాను బిడ్డను వదిలి రైలు పట్టాల దగ్గరికి ఎట్లా పోయిందో, అందరి ముందరా చెప్పింది. మొగుడు అదే వరసలో కూర్చోనుండాడు! ఇదేం మనుషులప్పా, ఇంటి గుట్టు మైకులో చెప్పుకుంటారా అనుకున్నాను. మా పక్క అట్లా కాదు. అన్నం లేకపోయినా మూతి తుడుచుకుని బయటికి వస్తాము. కానీ ఆ యమ్మ చెప్పి కూర్చున్నాక ఆమె మొహం చూసినాను, ఆ మొహంలో భయం లేదు. నాకు కావాల్సింది అదే. ఎట్లా దొరికిందో తెలియక, ప్రతి ఆదివారం పోతా వచ్చినాను.

అప్పుడు దేవుడు ఒక అమ్మాయిని పంపించినాడు. హైకోర్టులో మావాడి కేసు తీసుకున్న కొత్త వకీళ్ళు, ఉచితంగా చూసేవాళ్ళు, ఆ అమ్మాయిని మా ఊరికి పంపినారు. పేరు హారిక. చేతిలో సంచి, నెత్తిన ఎండ, వీధి వీధీ తిరిగి మా ఇంటి గురించి అడుగుతా ఉండాది. పిల్లోడు ఎట్లా పెరిగినాడు, జబ్బులేమైనా ఉన్నాయా, తండ్రి తాగేవాడా, ఇంట్లో గొడవలుండేవా, బడికి ఎందుకు పోలేదు అని. మీకు తెలుసు గదా, మన పక్క కొత్తవాళ్ళు ఎవరైనా వచ్చి ఒక ఇంటి గురించి ఇట్లా విచారిస్తే అది దేనికి? సంబంధానికి! ఆ ఇంట్లో పిల్లనిచ్చేవాళ్ళో, పిల్లను చేసుకునేవాళ్ళో విచారణకు వచ్చినారని లెక్క. అప్పుడు మంచి చెప్పడం ఇరుగుపొరుగు ధర్మం. చెడ్డ చెప్పి ఒక ఇంటి శుభకార్యం చెరిపినామనే పేరు ఎవరికి కావాల? ఆమె కోర్టు పని మీద వచ్చినానని చెప్పినా గూడా మావాళ్ళ నోటికి అలవాటైన మాటలే వచ్చినాయి.

"బంగారం లాంటి పిల్లోడు" అనింది ఎదురింటి అవ్వ. "ఒక్కనాడు జ్వరమొచ్చి పండుకున్నది లేదు" అన్నాడు రేషనంగడి ఆయన. "వాళ్ళ నాయన దేవుడమ్మా, చుక్క ముట్టడు" అన్నాడు మా నాయనతో కలిసి తాగినాయన. మా పిన్నమ్మ ఇంకొంచెం ముందుకు పోయి, "పాలూ నెయ్యీ పోసి పెంచినారు" అనింది. మా ఇంట్లో నెయ్యి గిన్నె నేను చూసింది లేదు. వాళ్ళందరూ మావాడి మీద ప్రేమతోనే చెప్పినారు. ఒక్కొక్క మంచి మాటా వాడి మెడకు ఇంకొక చుట్టు తిప్పుతా ఉండాదని వాళ్ళకు తెలీదు.

ఆఖరికి ఆ అమ్మాయి మా నాయన ముందుకొచ్చి కూర్చునింది. ఆయన మంచం మీద కూర్చుని కోర్టులో చెప్పిందే మల్లా చెప్పినాడు. నేను స్తంభానికి ఆనుకుని నిలబడి చూస్తా ఉండాను. పోయేటప్పుడు ఆమె నన్ను వీధి చివరిదాకా పిలుచుకుపోయి, "అక్కా, ఉరి వేయాలా వద్దా అనేటప్పుడు చేసిన తప్పు ఒక్కటే చూడకూడదు, ఆ మనిషి బతుకంతా చూడాలని ఢిల్లీలో పెద్ద కోర్టే చెప్పింది. మీ ఊర్లో అందరూ ఇంత బాగుందంటే జడ్జీల ముందు పెట్టడానికి నా దగ్గర ఏమీ లేదు. ఇంక ఒక్కసారి వస్తాను. ఆ తర్వాత వచ్చేదానికి కుదరదు" అనింది. ఆమె ఎక్కిన ఆటో కనుమరుగయ్యేదాకా నేను ఆ ఎండలోనే నిలబడినాను.

లోటు ఏమిటో ఇప్పుడు చెబుతాను. శేఖరు చిన్నవాడుగా ఉన్నప్పుడు ఒకరోజు మడికి నీళ్ళు పెడతా మోటారు ఆపడం మరిచి నిద్రపోయినాడు. మోటారు కాలిపోయింది. మా నాయన తాగి ఉండాడు. పార కట్టె తీసుకుని వాడి తల మీద కొట్టినాడు. ఆ దెబ్బ తర్వాత వాడికి మూర్ఛలు మొదలైనాయి. పడినప్పుడల్లా చేతిలో తాళంచెవులు పెట్టేవాళ్ళము. తిరుపతిలో రుయా ఆసుపత్రి బస్సెక్కితే గంట దూరం లేదు, తీసుకుపోలేదు. ఎందుకంటే ఇంట్లో మూర్ఛ ఉండాదని పేరు పడితే నాకు సంబంధాలు రావు. నా కోసం సహోదరీలారా, నా పెండ్లి కోసం వాడి జబ్బును దాచినారు. బళ్ళో పడిపోతే అందరికీ తెలుస్తాదని బడి మాన్పించి బట్టీకి పంపినారు. అక్కడ పడినా ఎవరూ పట్టించుకోరు గదా. వాడు మాట నిదానం అయిపోయినాడు, ఎవరు గట్టిగా చెబితే వాళ్ళ వెనకాల పోయేవాడు. నా పెండ్లయిన తర్వాత గూడా మా అత్తవాళ్ళకు తెలియకూడదని అదే దాపరికం. దాచడం మాకు అలవాటైపోయింది.

నేను ఎస్తేరక్కతో చెప్పినాను. ఆమె అంతా విని, "చెప్పాల్సిన చోట చెప్పు" అనింది, అంతే. నేను మా నాయన దగ్గరికి పోయి, "నాయనా, హారికమ్మ మల్లా వచ్చినప్పుడు చెబుదాము. అంతకు ముందు ఆదివారం సంఘంలో నేను చెబుతాను. నోరు అలవాటు పడాల, లేకుంటే ఆ యమ్మ ముందర నాకు మాట రాదు" అన్నాను.

ఆయన నా వైపు చూడకుండా, "నువ్వు నోరు తెరిస్తే పురుగుల మందు తాగుతా. సూడు మరి. కొడుకును ఉరికి పంపి, నాయనను మట్టిలో పెట్టుకుని, అప్పుడు చెప్పుకో నీ సాచ్చెం" అన్నాడు.

ఆయన అన్నంత పనీ చేసే మనిషి. శనగ చేనుకు తెచ్చిన మందు డబ్బా నేను ఎత్తుకుని పోయి మా అత్తగారింట్లో బియ్యం డ్రమ్ము వెనకాల దాచినాను. దాచినా గూడా అంగడిలో మందుకు కరువా? ఆ వారమంతా నాకు అన్నం లోపలికి పోలేదు. చెబితే నాయన పోతాడు, చెప్పకపోతే తమ్ముడు పోతాడు. మా ఆయన ఆటో తోలతాడు, పెద్దగా మాట్లాడే మనిషి కాదు. నేను ఏడుస్తా ఉంటే ఏమిటని అడిగినాడు. ఇంక దాచలేక మూర్ఛ సంగతి చెప్పినాను. ఆయన బీడీ ఆర్పి, "పెండ్లికి ముందే తెలుసు. బట్టీ దగ్గర వాడు పడిపోతే నా ఆటోలోనే ఇంటికి చేర్చినా. మీవాళ్ళు చెప్పలేదు, నేను అడగలేదు" అన్నాడు. ఇన్నేళ్ళు మేము కాపాడుకున్న గుట్టు ఇంతే. నాకు నవ్వొచ్చింది, ఆ వెంటనే ఏడుపొచ్చింది.

ఆ పొద్దు నేను మోకరించి చేసిన ప్రార్థన నాకు ఇప్పటికీ నోటికి ఉండాది. "ప్రభువా, నీకు గూడా కోర్టులోనే మరణశిక్ష వేసినారు. నీ గురించి చెప్పాల్సినోళ్ళు భయపడి దూరంగా పోయినారు. నేను గూడా అట్లనే పోయినాను. నా భయం తీసేయమని అడగడం లేదు తండ్రీ, అది నాతోనే ఉండనీ. భయంగా ఉన్నా నోరు తెరిచేటట్టు చెయ్యి. మా నాయనను కాపాడు. ఆయనను నీ చేతికే ఇస్తా ఉండాను, ఇంకెవరి చేతికి ఇచ్చేది?"

ఆదివారం వచ్చింది. మా సంఘం పాస్టరయ్య నా పేరు పిలిచినాడు. లేచి నిలబడి మైకు పట్టుకుని ఎదురుగా చూస్తే, కిటికీ కమ్ముల వెనకాల మా నాయన. తువ్వాల తల మీద కప్పుకుని, రెండు చేతులతో కమ్ములు పట్టుకుని నన్నే చూస్తా ఉండాడు. సంఘమంతా ఎదురు చూస్తా ఉండారు. ఎస్తేరక్క కళ్ళు మూసుకుని ఉండాది. నేను మొదటి మాట ఎట్లా అన్నానో నాకు తెలీదు, దేవుడే అనిపించినాడు. "మా ఇంట్లో లోటుండాది" అన్నాను. ఆ తర్వాత మోటారు, పార కట్టె, తాళంచెవులు, బట్టీ, నా పెండ్లి, అన్నీ వచ్చేసినాయి. మా నాయనను చెడ్డవాడని నేను అనలేదు. వానలు లేక, చేను ఎండిపోయి, ఆయన ఎట్లా తాగుడులో పడినాడో అదీ చెప్పినాను. చెప్పి తలెత్తి చూస్తే కిటికీ దగ్గర ఎవరూ లేరు.

నేను మైకు ఆడనే పడేసి పరిగెత్తినాను. చెప్పులు కూడా వేసుకోలేదు. దోవంతా "ప్రభువా, ప్రభువా" తప్ప ఇంకో మాట రాలేదు. వాకిట్లోకి పోయేసరికి నురగ చూస్తానో, నేల మీద పడిన మనిషిని చూస్తానో అని కళ్ళు మూసుకుని లోపలికి పోయినాను. ఆయన ఎనుముకు కుడితి పెడతా ఉండాడు. నన్ను చూసినాడు, మల్లా ఎనుము వైపు తిరిగినాడు. నేను ఆ వాకిట్లోనే కూలబడి దేవునికి స్తోత్రం చెప్పుకున్నాను.

ఆ తర్వాత ఆయన నాతో మాట్లాడలేదు. నేను తెచ్చిన సంగటి ముట్టలేదు, తానే పొయ్యి వెలిగించుకున్నాడు. రోజూ పోయి దూరంగా నిలబడి, ఊపిరి ఆడతా ఉండాడని చూసుకుని వచ్చేదాన్ని. ఇంతలో హారికమ్మ చెప్పినట్టే మల్లా వచ్చింది. నేను చెప్పడానికి సిద్ధమై నోరు తెరిచినాను. అయితే ఆ అమ్మాయి ముందే అనింది, "అక్కా, నువ్వు చెబితే తమ్ముడి మీద ప్రేమతో చెబుతా ఉందంటారు." ఇంత భయపడి తెచ్చుకున్న మాటకు విలువ లేదా దేవా అనుకున్నాను.

అప్పుడు మా నాయన మంచం మీదనుంచి, "అమ్మీ, ఆ యమ్మను కూసోమను" అన్నాడు. ఆమె కూర్చునింది. ఆయన తువ్వాల తీసి, తన తల మీదే వేలు పెట్టి చూపించినాడు. "ఈడ కొట్టినా. పార కట్టెతో. మోటరు కాలిపొయ్యిందని. ముందు పడినాడు. లేస్తాడనుకున్యా. లేసినాడు. లేసినోడు మల్లా మా శేఖరు కాదమ్మా, వేరే పిల్లోడు. కోర్టులో ఏ లోటూ లేదన్యా. లోటంతా నేనే. ఇది యాడ సెప్పమంటే ఆడ సెబుతా. వాన్ని మాత్రం సంపొద్దని సెప్పు." ఆ అమ్మాయి రాసుకోవడం ఆపేసి ఆయన చెయ్యి పట్టుకునింది. మా నాయన ఏడవగా నేను చూడడం అదే మొదలు.

ఆయన ఒక్కడు చెప్పేసరికి ఊరు గూడా నోరు విప్పింది. కలిసి తాగినాయన తాగినామన్నాడు, ఎదురింటి అవ్వ తాళంచెవులు తానే పెట్టినానని చెప్పింది. డాక్టర్లు జైలు నుంచి మావాణ్ణి తీసుకుపోయి తల ఫోటో తీస్తే ఆ పాత దెబ్బ ఆడనే ఉండాదంట.

హైకోర్టులో వాదనలు జరిగే రోజు నేను, నాయన అమరావతికి పోయినాము. వరండాలో మా ఎదురుగా ఒకావిడ కూర్చోనుండాది. చనిపోయిన టీచర్ల కూతురు. నేను తల వంచుకున్నాను. ఆమే లేచి నా దగ్గరికి వచ్చి, చాలా మెల్లగా అడిగింది. "మీ తమ్ముడికి ఎంత భయంగా ఉందో లోపల వకీళ్ళు చెబుతున్నారు. మా అమ్మకు ఆ రోజు ఎంత భయం వేసుంటుందో మీరు ఒక్కసారైనా అనుకున్నారా?"

లేదు సహోదరీలారా. అంతవరకూ అనుకోలేదు. నా భయంలో ఇంకొకరి భయానికి తావు లేకపోయింది. నేను చేతులు జోడించినాను. ఆమె లోపలికి పోయింది. ఆ రోజునుంచి నా ప్రార్థనలో ఆ తల్లి పేరు, ఆ తండ్రి పేరు, ఈ కూతురి పేరు ముందు వస్తాయి. శేఖరు పేరు తర్వాత వస్తాది. వాడికి ఉరి వేయాలని ఆమె కోరుకున్నా నేను తప్పు పట్టను. ఆమె దుఃఖానికి జవాబు దేవుని దగ్గరే ఉండాది.

కొన్నాళ్ళకు వంటశాలలో ఉండగా ఫోను మోగింది, కొత్త నంబరు. నేను ఎత్తలేదు. ఎస్తేరక్క చేతులు తుడుచుకుని ఎత్తింది. విని, నా వైపు తిరిగి, "యావజ్జీవమంట మునెమ్మా. మీవోడికి ప్రాణభిక్ష దొరికింది" అనింది. నేను ఆ కాటా పక్కనే నేల మీద కూర్చుండిపోయినాను. ఇంత కృప చూపించిన దేవునికే సమస్త మహిమ కలుగును గాక!

మావాడు లోపల మందులు వేసుకుంటా ఉండాడు, మూర్ఛలు తగ్గినాయి. చేసిన పాపం ఇప్పుడు వాడికి తేటగా తెలుస్తా ఉండాది, దానికి ఏడుస్తాడు. అది గూడా కృపే. అయితే పోయినసారి చూడ్డానికి పోతే వాడు ఒక మాట చెప్పినాడు. ఉరి పడిన ఇంకొకతను పక్క గదిలో ఉండేవాడంట, యాడో దూర దేశం మనిషి, వాడి భాష ఎవరికీ రాదు, వాణ్ణి చూడ్డానికి ఎవరూ రారు. "అక్కా, వాని గురించి ఎవరు చెబుతారు?" అన్నాడు. ఉరి వేయాల్సిందే అనే పెద్దలు మీలో గూడా ఉంటారు, నేను చదువుకోనిదాన్ని, మీతో వాదించలేను. కానీ అయ్యా, తూకం వేసేటప్పుడు ఒకనికి అన్నీ పెట్టి తూచినారు, ఇంకొకనికి ఖాళీ తట్ట పెట్టి తూచినారు. అది నా కళ్ళతో చూసినాను. ఆ పక్క గదిలో మనిషికి ఒక హారికమ్మ దొరకాలని, వాడి నాయనో అక్కో నోరు తెరవాలని నాతో కలిసి ప్రార్థన చేయండి.

నా మాట అయిపోయింది. ఈడ కూర్చున్నవాళ్ళలో ఇంట్లో ఏదో దాచుకుని, ఏ లోటూ లేదని నవ్వుతా తిరిగేవాళ్ళుంటే, భయం పోయినాక చెబుదామని ఆగొద్దండి. అది పోదు. నాకిప్పుడూ పోలేదు, చెయ్యి చూడండి. భయంతోనే మన ప్రభువు దగ్గరికి రండి, ఆయన మన ఇంటి సంగతంతా ముందే తెలిసి గూడా లోపలికి రమ్మనే దేవుడు.

ఇంకొక్క మనవి. మా నాయన నాతో వచ్చినాడు. లోపలికి రాలేదు, బయట మీరు చెప్పులు విడిచిన చోట కూర్చోనుండాడు, తల మీద తువ్వాల ఉంటాది, గుర్తు పట్టొచ్చు. ఇదంతా ఆయనకు మైకులో వినబడతానే ఉండాది. కొడుకును చూడ్డానికి పోయినప్పుడల్లా జాలీ ఇవతల నిలబడి, వాడి తలకేసి చూసి, ఏమీ అనకుండా వచ్చేస్తాడు. మీరు బయటికి పోయేటప్పుడు ఆయనను దాటుకుని పోవద్దండి. ఎవరైనా ఒకరు ఆయన పక్కన కాసేపు కూర్చోండి. ఏమీ అడగొద్దు. ఆయనే చెబుతాడు.